మామా, ఆ పావురం సీను గుర్తుందా?

మామా,

ఎలా ఉన్నావురా? ఉత్తరం రాసి చాలా రోజులైంది. నిన్న రాత్రి నిద్ర పట్టక ‘బ్లేడ్ రన్నర్’ మళ్ళీ పెట్టుకున్నాను. మన అద్దె గదిలో ఆ చిన్న టీవీలో చూశాం, గుర్తుందా? చివర్లో వానలో చొక్కా కూడా లేకుండా, చేతిలో తెల్ల పావురంతో కూర్చుని చచ్చిపోతాడే, ఆ విలన్ కోసం నువ్వు ఏడ్చావు. నేనూ ఏడ్చాను గానీ అప్పుడు నీకు చెప్పలేదు.

ఆ పాత్ర వేసిన నటుడే రుట్గర్ హావర్. హాలండ్ వాడు. 1944 జనవరిలో, దేశం ఇంకా జర్మన్ల చేతిలో ఉండగా బ్రూకెలెన్ అనే చిన్న ఊళ్ళో పుట్టాడు. న్యూయార్క్‌లోని బ్రూక్లిన్‌కు ఆ పేరు ఈ ఊరి నుంచే వచ్చింది. అమ్మా నాన్నా ఇద్దరూ నటులే. పిల్లాడికి మాత్రం మనసంతా సముద్రం మీదే. పదిహేనేళ్ళకే ఇల్లు వదిలి సరుకుల ఓడ ఎక్కేశాడు.

అక్కడే ఉండిపోయేవాడేమో, కానీ ఆయనకు రంగులు సరిగ్గా తెలిసేవి కావు. రాత్రిపూట ఎదురొచ్చే ఓడకు ఎడమవైపు ఎర్ర దీపం, కుడివైపు పచ్చ దీపం ఉంటాయి. అది ఎటు పోతోందో వాటిని చూసే తెలుసుకోవాలి. ఆ రెండు రంగులకూ తేడా కనిపెట్టలేనివాడికి ఓడ ఎలా అప్పగిస్తారు? తిరిగొచ్చేశాడు. దొరికిన పనల్లా చేస్తూ రాత్రి బడిలో చదువు పూర్తి చేసి, చివరికి అమ్మానాన్నల దారిలోనే నాటకాల్లోకి వెళ్ళాడు.

1969లో పాల్ వెర్హోవెన్ అనే కుర్ర దర్శకుడు టీవీలో ‘ఫ్లోరిస్’ అనే కత్తియుద్ధాల సీరియల్ తీస్తూ ఈయన్ని వీరుడిగా పెట్టుకున్నాడు. నాలుగేళ్ళ తర్వాత అదే దర్శకుడితో ‘టర్కిష్ డిలైట్’ చేశాడు. దేశ జనాభా కోటీ ముప్పై లక్షలకు కాస్త పైన. ఆ సినిమాకు తెగిన టికెట్లు 33 లక్షలు! ఆ లెక్క చూసి నాకు మతి పోయింది. 1977లో వచ్చిన ‘సోల్జర్ ఆఫ్ ఆరెంజ్’ జర్మన్ల మీద తిరగబడ్డ డచ్ కుర్రాళ్ళ కథ. ఆ ఆక్రమణలో పుట్టిన పిల్లాడే ముప్పై మూడేళ్ళకు తెర మీద దాన్ని ఎదిరించాడు.

ఆ తర్వాత హాలీవుడ్. స్టాలోన్‌కు ఎదురుగా విలన్. 1982లో ‘బ్లేడ్ రన్నర్’.

నేను అసలు రాద్దామనుకున్నది ఇది. ఆ చావు సీనులో ఆయనకు చాలా పెద్ద డైలాగు రాసిచ్చారట. మరబొమ్మ లాంటి మనిషి, బ్యాటరీ అయిపోతున్నవాడు, అంతసేపు మాట్లాడతాడా అని ఆయనకే అనిపించింది. షూటింగు ముందు రోజు రాత్రి కూర్చుని చాలా భాగం కొట్టేశాడు. తన జ్ఞాపకాలన్నీ వానలో కన్నీళ్ళలా కలిసిపోతాయన్న మాట మాత్రం సొంతంగా చేర్చాడు. పెద్ద డైలాగు దొరికితే ఏ నటుడైనా వదులుకుంటాడా చెప్పు? ఈయన తన మాటలు తానే తగ్గించుకున్నాడు. నిన్న చూస్తుంటే నాకు మాటల కంటే మాటకీ మాటకీ మధ్య ఆగిన చోటే ఎక్కువ వినిపించింది. చిన్న నవ్వు నవ్వి తల వాల్చేస్తాడు, చేతిలోంచి పావురం ఎగిరిపోతుంది. అంతే.

ఆయన సినిమాల్లో ‘ద హిచర్’ మాత్రం ఒంటరిగా ఉన్నప్పుడు చూడకు, నాకు రెండు రాత్రులు నిద్ర లేదు. ‘ఎస్కేప్ ఫ్రమ్ సోబిబోర్’ అనే టీవీ సినిమాలో నాజీ శిబిరం నుంచి ఖైదీల్ని నడిపించిన సోవియట్ సైనికుడిగా వేసి గోల్డెన్ గ్లోబ్ అవార్డు తెచ్చుకున్నాడు. తర్వాత్తర్వాత చిన్నాచితకా సినిమాలు బోలెడు చేశాడు, అవన్నీ నాకు నచ్చలేదు. 1988లో ఇటలీ దర్శకుడు ఓల్మీ తీసిన సినిమాలో పారిస్ వంతెనల కింద బతికే తాగుబోతుగా వేశాడు. అందులో ఆ కళ్ళు చూడాలిరా! వెనిస్ సినిమా పండగలో దానికి అన్నిటికంటే పెద్ద బహుమతి, గోల్డెన్ లయన్ ఇచ్చారు.

2019 జూలై 19న డెబ్బై అయిదేళ్ళకు హాలండ్‌లోని తన ఇంట్లోనే పోయాడు. ‘బ్లేడ్ రన్నర్’ కథ జరిగేది కూడా 2019లోనే. ఆ పాత్రా, ఆయనా ఒకే ఏడు పోయారు. అది తెలిసిన రోజు నీకు ఫోన్ చేద్దామనుకున్నాను, గొంతు పెగలక చేయలేదు.

సంక్రాంతికి వస్తావుగా? ‘సోల్జర్ ఆఫ్ ఆరెంజ్’ ఇద్దరం కలిసి చూద్దాం. నువ్వొచ్చేదాకా నేనూ ముట్టుకోను. అత్తయ్యకు నమస్కారాలు చెప్పు.

నీ
మామ