ఒక్క ఎం.ఫిల్., ఒక్క ఏడాది: ఉన్నత విద్యాశాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

అయ్యా,

యూజీసీ (విశ్వవిద్యాలయ నిధుల సంఘం) జీతాల స్కేళ్ల సంగతి మీకు తెలియనిది కాదు, కాబట్టి ఉపోద్ఘాతం వద్దు. తిరుపతి, చిత్తూరు జిల్లాల ఎయిడెడ్ డిగ్రీ కళాశాలల అధ్యాపకుల సర్వీసు రిజిస్టర్లలో పడుతున్న ఒకే ఒక్క ఆడిట్ అభ్యంతరం గురించి ఈ లేఖ. ఎం.ఫిల్. (పీజీ తర్వాతి పరిశోధన పట్టా) ఉంటే పై స్కేలు ఏడాది ముందే వచ్చేది; దూరవిద్యలో చేసినది మాత్రం ఆ లెక్కలోకి రాదట.

చిత్తూరు దాటితే తమిళనాడే. ఉద్యోగం చేసుకుంటూ అక్కడి విశ్వవిద్యాలయాల్లో దూరవిద్యలో ఎం.ఫిల్. చేయడం ఒకప్పుడు ఇక్కడ మామూలే. ఎం.ఫిల్., పీహెచ్‌డీలను దూరవిద్యలో నడపకూడదన్నది 2009 నాటి యూజీసీ నిబంధన. 2009లో వేసిన తాళం చూపించి, 1997లో తెరిచున్న తలుపులోంచి వచ్చినవాళ్లను దొంగలంటే ఎలాగండీ?

ఒక్క ఏడాదేగా పోయేది అని మీ అధికారులు అంటుంటారు. ఆ ఏడాది ఖరీదు చూడండి. 1998 జూలై 27 నుంచి అమలైన కెరీర్ అడ్వాన్స్‌మెంట్ పథకంలో పై జీతపు మెట్టయిన సీనియర్ స్కేలుకు ఆరేళ్లు పట్టేది. ఎం.ఫిల్. ఉంటే అయిదు, పీహెచ్‌డీ ఉంటే నాలుగు. ఆపైన అయిదేళ్లకు సెలక్షన్ గ్రేడు. 1993 ఆగస్టులో చేరి, ఎం.ఫిల్. పూర్తి చేసిన అధ్యాపకుడికి 1998 ఆగస్టులో సీనియర్ స్కేలు, 2003 ఆగస్టులో సెలక్షన్ గ్రేడు వస్తాయి. 2006 స్కేళ్లలో సెలక్షన్ గ్రేడులో మూడేళ్లు నిండితేనే 37,400–67,000 పే బ్యాండు, 9,000 గ్రేడ్ పే (బ్యాండు వేతనానికి అదనంగా కలిపే మొత్తం). అంటే 2006 ఆగస్టు. ఎం.ఫిల్. కొట్టేస్తే అన్నీ ఏడాది వెనక్కి జరుగుతాయి. 2007 ఆగస్టు దాకా 15,600–39,100 బ్యాండులో 8,000 గ్రేడ్ పేతో ఉండాల్సిందే. రెండు బ్యాండ్ల మధ్య ఉన్నది మెట్టు కాదు, గోడ. అటు గ్రేడ్ పేతో కలిపి కనీసం 46,400. ఇటు, 2005 ఆగస్టు ఇంక్రిమెంటుతో 12,420 మూలవేతనానికి చేరినవారికి పాత వేతనాన్ని కొత్త స్కేలుకు మార్చే 1.86 గుణకంతో హెచ్చవేసి గ్రేడ్ పే కలిపితే 31,110, 2006 జూలై ఇంక్రిమెంటుతో 32,050. డీఏ కలపకుండానే నెలకు 14 వేల పైచిలుకు తేడా, పన్నెండు నెలలు. తర్వాత గోడ దాటినా ఒక ఇంక్రిమెంటు వెనకబాటు రిటైర్మెంటు దాకా తప్పదు, పింఛనులోనూ తప్పదు.

ఇక కాగితాల ముచ్చట. ముందు పట్టా అసలైనదేనన్న జెన్యూనిటీ సర్టిఫికెట్ తెమ్మంటారు. తెస్తే, కోర్సు రెగ్యులరా దూరవిద్యా అన్నది అందులో లేదంటారు. అది కూడా రాయించుకొస్తే, దూరవిద్యే కాబట్టి చెల్లదంటారు! ఆ మాట మొదటిరోజే చెబితే ఛార్జీలైనా మిగిలేవి.

కోర్టుకు పొమ్మనడం మీ కార్యాలయాలకు తేలిక. అర్జీని ఫలానా గడువులో పరిశీలించమని కోర్టు చెబుతుంది. గడువు దాటాక, ధిక్కార పిటిషన్ పడ్డాక, పాత అభ్యంతరాన్నే కొత్త తేదీతో దించి తిరస్కరిస్తారు. మళ్లీ కొత్త రిట్. ఈలోగా 2015 నాటి పి. సుశీల తీర్పును కూడా మా మీదికి తెస్తున్నారు. అది నెట్ (అధ్యాపక అర్హత పరీక్ష) మినహాయింపు కోరిన, ఇంకా నియామకం కాని అభ్యర్థుల కేసు. నియామకమై, స్కేలు మంజూరై, ఏళ్ల తరబడి జీతం తీసుకున్నవాళ్లకు అది ఎలా వర్తిస్తుందో మీ లీగల్ సెల్ ఒక్క పేజీలో రాసి చూపిస్తే చాలు, చదువుకుంటాం.

ఎక్కువ ఇచ్చామంటూ జీతం వెనక్కి వసూలు చేసే రికవరీ సంగతి ఇంకా ఘోరం. రిటైరైనవారి నుంచి, రిటైర్మెంటుకు ఏడాదిలోపు ఉన్నవారి నుంచి, అయిదేళ్లకు పైగా అదనంగా చెల్లించిన సందర్భాల్లో వసూలు చేయరాదని 2014 డిసెంబరు 18న రఫీక్ మసీహ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయినా గ్రాట్యుటీలోంచి కోత ఆగడం లేదు. స్కేలు మంజూరు చేసిన ప్రొసీడింగ్స్ మీద సంతకం అధ్యాపకుడిది కాదు కదా!

దయచేసి ఒక్క మెమో ఇప్పించండి. ఎం.ఫిల్. పొందిన తేదీ నాటి నిబంధన ప్రకారమే దాన్ని చూడాలని, 2009కి ముందు పట్టాలను దూరవిద్య అన్న ఒక్క కారణంతో తోసిపుచ్చరాదని. రికవరీలు ఆపమనండి. కోత పెట్టిన గ్రాట్యుటీ వెనక్కి ఇప్పించండి. ఎం.ఫిల్. కోర్సునే ఆపేసిన 2022 యూజీసీ నిబంధనలు సైతం పాత పట్టాల జోలికి పోలేదు, మీ ఆడిట్ వారే పోతున్నారు. మెమో ఇవ్వలేకపోతే ఇవ్వలేమనైనా రాయించండి. ‘పరిశీలనలో ఉంది’ అన్న జవాబు మాత్రం ఇక వద్దు. అలాంటివి మా దగ్గర చాలానే ఉన్నాయి.

ఇట్లు,
తిరుపతి, చిత్తూరు జిల్లాల ఎయిడెడ్ కళాశాలల అధ్యాపకులు, విశ్రాంత అధ్యాపకులు