పాత సీడీకి ఎక్కువ ధర ఎందుకు? మా దుకాణం కొత్త పద్ధతి

మా దగ్గర పాత రాక్ ఆల్బమ్‌ల సీడీలు కొనేవారికి నమస్కారం. వచ్చే నెల నుంచి ధరలు మారుతున్నాయి, కొన్ని పెరుగుతాయి, చాలావరకు తగ్గుతాయి. కారణం చెప్పకుండా మార్చడం నాకు ఇష్టం లేదు.

ఆల్బమ్ సీడీగా తొలిసారి వచ్చినప్పటి ముద్రణను ‘మొదటి సీడీ’ అంటారు. ఆ పేరుకే ఇకపై అదనపు ధర వేయను. 1980లలో సీడీలు హడావుడిగా మార్కెట్లోకి వచ్చాయి. అసలు మాస్టర్ టేపు (స్టూడియోలో సిద్ధమైన తుది మూల టేపు) వెతికి తీసే ఓపిక లేక, ఎల్‌పీ (గ్రామఫోన్ రికార్డు) కోసం సిద్ధం చేసిన కాపీ టేపునే డిజిటల్‌లోకి ఎక్కించిన సందర్భాలు చాలా ఉన్నాయి. బ్రిటిష్ రాక్ బృందం జెత్రో టల్ ‘ఆక్వాలంగ్’ తొలి సీడీ మసకగా వినిపిస్తుంది. అదే ఆల్బమ్‌ను 2011లో సంగీతకారుడు స్టీవెన్ విల్సన్ మల్టీట్రాక్ టేపుల (గొంతు, వాద్యాలు విడివిడిగా రికార్డైన టేపులు) నుంచి మళ్లీ మిక్స్ చేస్తే, అంటే వాటిని కొత్తగా కలిపితే, గొంతూ గిటారూ విడివిడిగా తేటపడ్డాయి. ఎవరు అడిగినా నేను రెండోదే ఇస్తాను, అది చవక కూడా.

అలాగని రీమాస్టర్లన్నీ, అంటే పాత రికార్డింగ్ శబ్దాన్ని మళ్లీ సరిచేసి తెచ్చిన సీడీలన్నీ, మేలని కాదు. సీడీలో శబ్ద స్థాయికి గరిష్ఠ హద్దు ఉంటుంది, దాన్ని దాటడం కుదరదు. అందుకే పాట పెద్దగా మోగాలంటే మెల్లని భాగాలను పైకి లేపి, డ్రమ్ము దెబ్బల శిఖరాలను అణిచేస్తారు. 1990ల చివరి నుంచి ఇలా పెద్దగా మోగించే పోటీ ముదిరింది. 1997లో గాయకుడు ఇగ్గీ పాప్ స్వయంగా మళ్లీ మిక్స్ చేసిన తన ఆల్బమ్ ‘రా పవర్’ దీనికి పరాకాష్ఠ. నాలుగు పాటలు వినేసరికి చెవులు అలసిపోతాయి. ఇలాంటి చోట పాత సీడీ నిజంగా విలువైనది, దానికి ఎక్కువ ధర అడగడానికి నేను వెనకాడను. పోల్చి చూసేటప్పుడు మాత్రం రెండింటి వాల్యూమ్ సమానం చేయండి. లేకపోతే పెద్దగా మోగేదే బాగుందని అనిపిస్తుంది.

బీటిల్స్ సంగతి వేరు. 1987లో వచ్చిన ‘హెల్ప్!’, ‘రబ్బర్ సోల్’ సీడీలలో ఉన్నది వాళ్ల నిర్మాత జార్జ్ మార్టిన్ కొత్తగా చేసిన స్టీరియో (ఎడమ, కుడి వేర్వేరు శబ్దం) మిక్స్. 1965 నాటి స్టీరియో మిక్స్ కావాలంటే 2009లో వచ్చిన మోనో (ఒకే చానెల్ శబ్దం) సీడీల పెట్టెలోని డిస్కులు తీసుకోవాలి. విచిత్రమే, కానీ నిజం.

1983లో జపాన్‌లో వచ్చిన ‘అబ్బే రోడ్’ సీడీ కొనేవారికి ఒక హెచ్చరిక. అందులో ప్రీ-ఎంఫసిస్ ఉంది, అంటే తయారీలోనే హెచ్చు స్వరాలను పెంచి ఉంచారు. సీడీ ప్లేయర్ వాటిని తిరిగి తగ్గిస్తుంది. కంప్యూటర్‌లోకి కాపీ చేసుకుంటే చాలాసార్లు ఆ తగ్గింపు జరగదు, పాట చెవిలో గుచ్చుకుంటుంది. డిస్కు పాడైందనుకుని వెనక్కి పంపేముందు మామూలు ప్లేయర్‌లో ఒకసారి వినండి.

ఇకపై ప్రతి సీడీ పక్కన రీమాస్టర్ సంవత్సరం, ఏ ముద్రణో గుర్తుపట్టేందుకు డిస్కు లోపలి వలయం మీది నంబరు ఫొటో, ప్రీ-ఎంఫసిస్ ఉందో లేదో రాస్తాను. ముందే డబ్బు కట్టినవారికి ధర తగ్గితే ఆ తేడా వాపసు ఇస్తాను.