సుగ్గి బతుకుల చిత్రీకరణలో వాళ్లకూ మాట ఉండాలి

సంపాదకుల వారికి,

కర్నూలు జిల్లా పడమటి మండలాల వలసలపై డాక్యుమెంటరీలు తీసేవారికి ఒక విన్నపం. కోసిగి వైపు కుటుంబాలు గుంటూరు మిరప చేలకు సుగ్గికి, అంటే కోతల కాలపు వలస కూలికి, పోతే, ఊళ్లో తాళాలు పడిన ఇళ్లు, అరుగుల మీద ముసలివాళ్లు మిగులుతారు. కెమెరాతో వచ్చినవారు ఎక్కువగా ఆ తాళాలనూ, ఆ కన్నీళ్లనూ తీసుకుని సాయంత్రానికి వెళ్లిపోతారు. కాయలు కోసి మంటలెత్తే చేతులతో రాత్రి పసిబిడ్డను ఎత్తుకోవడానికి తల్లి ఎంత జంకుతుందో, మేస్త్రీ దగ్గర తీసుకున్న అడ్వాన్సు కూలిలో ఎలా తెగుతుందో ఆమెనే కూర్చోబెట్టి అడిగేవారు అరుదు.

1967లో కెనడాలోని ఫోగో దీవిలో చిత్ర దర్శకుడు కోలిన్ లో (Colin Low) బృందం జాలర్లను చిత్రీకరించి, ఆ దృశ్యాలను ముందుగా వాళ్లకే చూపింది; వద్దన్న భాగాన్ని తీసేయించే హక్కునూ ఇచ్చింది. అంత దూరం ఎందుకు, జహీరాబాద్ ప్రాంతంలో డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల దళిత మహిళలు, చదువు రానివారు సైతం, తమ చిరుధాన్యాల సాగుపై తామే కెమెరా పట్టి చిత్రాలు తీశారు.

వివరం చెప్పకుండా కాగితంపై వేయించుకున్న వేలిముద్రను సమ్మతి అనలేము. సుగ్గి నుంచి జనం తిరిగి వచ్చాక, తుది కూర్పుకు ముందే చిత్రాన్ని ఊరి బడిలో ప్రదర్శించి వాళ్ల అభ్యంతరాలు వినాలి. చిత్రీకరణకు పోయిన రోజు కూలి కట్టివ్వాలి. ఊరి యువతీ యువకుల్లో ఒకరిద్దరికైనా కెమెరా, ఎడిటింగ్ నేర్పి బృందంలో కలుపుకోవాలి. ఈ నియమాలు పాటించే చిత్రాలకే ఇక్కడి కళాశాలలు, సాహిత్య సంస్థలు ప్రదర్శనలు ఏర్పాటు చేయాలని కోరుతున్నాను.

– ఒక పాఠకుడు, ఆదోని