హైకోర్టు ఆపనన్న దర్యాప్తును ఆపిందెవరు? హోంమంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన రాష్ట్ర హోంమంత్రి గారికి నమస్కారాలు.

ఇది నా నాలుగో అర్జీ. మొదటి మూడింటికీ రసీదులు ఉన్నాయి, జవాబులే లేవు. అందుకే ఈసారి కవరులో పెట్టకుండా నలుగురూ చదివేలా రాస్తున్నాను.

2009లో మా నాన్నగారికి పక్షవాతం వచ్చి కుడిచెయ్యి పడిపోయింది. 2017లో పోయేదాకా బ్యాంకులో పింఛను తీసుకున్నది ఎడమచేతి వేలిముద్రతోనే. ముద్ర వేశాక వేలికి అంటిన సిరాను నా కొంగుతోనే తుడిచేదాన్ని. అలాంటి మనిషి 2011లో తన ఎకరం ఇరవై సెంట్లకు ఎవరికో జీపీఏ, అంటే తన తరఫున లావాదేవీలు చేసే అధికారపత్రం, రాసిచ్చారట! అడుగున సంతకం చూశాను. గుండ్రటి అక్షరాలు, ఒక్క తలకట్టు కూడా తప్పలేదు. చెయ్యి బాగున్న రోజుల్లో కూడా ఆయన అంత అందంగా సంతకం చేసి ఎరుగరు. ఆ కాగితంతోనే 2022లో, అంటే ఆయన పోయిన ఐదేళ్లకు, భూమి అమ్మేశారు. ఈసీ, అంటే భూమి లావాదేవీల ధ్రువపత్రం, తీయిస్తే గానీ మాకు తెలియలేదు.

కేసు కట్టించడానికే ఏడు నెలలు పట్టింది. 'ఇది సివిల్ తగాదా అమ్మా, కోర్టులో తేల్చుకోండి' అన్నారు. చివరికి 2024 ఆగస్టులో ఎఫ్ఐఆర్ అయింది. నేరం పాత చట్టం నాటిది కాబట్టి మోసం, ఫోర్జరీలకు ఐపీసీ సెక్షన్లు 420, 467, 468, 471 పెట్టారు. 467 కింద యావజ్జీవం దాకా పడవచ్చని మీకు నేను చెప్పనక్కర్లేదు.

నిందితులు హైకోర్టుకు వెళ్లారు. కేసు కొట్టేయండి, కనీసం దర్యాప్తయినా ఆపండి అన్నారు. కోర్టు ఒప్పుకోలేదు. సంతకం ఎవరిదో తేల్చాల్సింది దర్యాప్తే కదా. 2017 జనవరిలో మన ఉమ్మడి హైకోర్టు నుంచి వెళ్లిన కేసులోనే సుప్రీంకోర్టు, ఎఫ్ఐఆర్ కొట్టేయబోమంటూనే అరెస్టు చేయవద్దనడం కుదరదని చెప్పింది. 2021 ఏప్రిల్‌లో నీహారిక ఇన్‌ఫ్రాస్ట్రక్చర్ కేసులో ఇంకా గట్టిగా, తొలి దశలోనే దర్యాప్తుకు అడ్డుపడవద్దని హైకోర్టులను హెచ్చరించింది. దొంగ కేసులు పెట్టేవాళ్లూ ఉంటారు, నిజమే. అందుకే కేసు కొట్టేసే తలుపును కోర్టులు పూర్తిగా మూయలేదు. మా విషయంలో మాత్రం తెరవలేదు.

ఆ రోజు వీధంతా మిఠాయి పంచాను, పిచ్చిదాన్ని. కోర్టు ఆపనన్న దర్యాప్తును మీ స్టేషను ఆపగలదని నాకేం తెలుసు?

ముగ్గురు దర్యాప్తు అధికారులు మారారు. మొదటివారు అసలు జీపీఏ కావాలన్నారు. అది పోయిందని నిందితుడు చెబితే నమ్మి ఊరుకున్నారు. రెండోవారు పక్షవాతానికి ముందు సంతకాలు తెమ్మన్నారు. నాన్న పనిచేసిన బడిలో పాత హాజరు పట్టీలు వెతికించి, బ్యాంకు చుట్టూ, ఆసుపత్రి చుట్టూ తిరిగి అన్నీ తెచ్చిచ్చాను. ఆయన బదిలీ అయ్యారు. మూడోవారు ఇంకా ఫైలు చదువుతున్నారు. మొన్న సోమవారం ఆ ఫైలు నా కళ్లముందే తెరిచారు. ఫోరెన్సిక్ ల్యాబ్‌కు పంపాల్సిన ఉత్తరం టైపు చేసి పైనే ఉంది. తేదీ లేదు. సంతకం లేదు. చచ్చిపోయిన చేతితో సంతకం పెట్టించగలిగారు, బతికున్న చేతితో పెట్టించడానికి మాత్రం మాకు చేతకావడం లేదు.

పోలీసు దర్యాప్తు ఎలా సాగాలో చెప్పే కొత్త నాగరిక్ సురక్షా సంహిత ప్రకారం 90 రోజుల్లోగా దర్యాప్తు ఎంతవరకు వచ్చిందో ఫిర్యాదుదారుకు తెలపాలి, ఫోనులోనైనా సరే. నా ఫోనుకు అప్పులిస్తామనేవాళ్లు తప్ప ఎవరూ చేయడం లేదు.

ఈలోగా ఆ భూమిలో హద్దురాళ్లు పాతేశారు. రేపు ముక్కలు చేసి అమ్మితే కొన్నవాళ్లూ మాలాగే మీకు అర్జీలు రాస్తారు. దయచేసి ఆ ఉత్తరం మీద సంతకం పెట్టించండి. అసలు కాగితం పోయిందన్నవాడిని ఎక్కడ పోయిందో అడిగించండి. బతిమాలుతున్నాననుకోండి, నిలదీస్తున్నాననుకోండి, ఆ ఉత్తరం మాత్రం కదలాలి.

వచ్చే సోమవారం మళ్లీ వస్తాను. ఈసారి అమ్మను కూడా తీసుకొస్తాను. ఆమెకు డెబ్బై ఎనిమిదేళ్లు, మెట్లు ఎక్కలేదు. ఎవరో ఒకరు కిందికి దిగి రావాల్సి ఉంటుంది.

ఇట్లు,
నాలుగు అర్జీల ఫిర్యాదుదారు