పూడికతీత పేరుతో ఇసుక: లోతు లెక్కలు బయటపెట్టండి

సంపాదకులకు,

నది సముద్రంలో కలిసేచోట ఉన్న రేవుల్లో పూడిక తీయడం ఎక్కడ ఆగుతుంది, ఇసుక వ్యాపారం ఎక్కడ మొదలవుతుంది? ఏళ్ల తరబడి కోర్టుల్లో నలుగుతున్న ప్రశ్న ఇది. ఓడలు రావాలంటే లోతు ఉండొద్దా అంటుంది రేవు యాజమాన్యం. తీసింది ఇసుక కాబట్టి సీనరేజి, అంటే ఖనిజం తీసినందుకు ప్రభుత్వానికి చెల్లించే రుసుము, కట్టమంటుంది గనుల శాఖ. అసలు పర్యావరణ అనుమతి ఏదని ఒడ్డునున్న రైతులు, మత్స్యకారులు నిలదీస్తారు. ముగ్గురి వాదనకూ చట్టంలో ఎక్కడో ఓ చోట ఆధారం దొరుకుతుంది. అందుకే కేసు ఓ పట్టాన తెగదు.

మన దేశంలో 1957 నాటి గనుల చట్టం మామూలు ఇసుకను చిన్నతరహా ఖనిజాల్లో చేర్చి, నియమాలు చేసే అధికారం రాష్ట్రాలకిచ్చింది. పెద్ద రేవులేమో కేంద్రం చేతిలో ఉన్నాయి. ఐదు హెక్టార్ల లోపు తవ్వకాల లీజులకైనా పర్యావరణ అనుమతి తప్పదని 2012లో దీపక్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే రేవుకు మొదట ఇచ్చిన అనుమతిలోనే ఉన్న నిర్వహణ పూడికతీతకు, అంటే ఉన్న లోతు తగ్గకుండా చేసే పనికి, మళ్లీ అనుమతి అక్కర్లేదు. 2016లో నదులు, కాలువల నిర్వహణ పూడికతీతకూ మినహాయింపు వచ్చింది. అది సబబే. వరద తెచ్చిపోసే మేట తీయడానికి ఏటా ఫైలు కదలాలంటే రేవు మూసుకోవాల్సిందే. చిక్కల్లా ఆ మినహాయింపు చాటున ఎంత తవ్వుతున్నారో చూసే నాథుడు లేకపోవడమే.

నిజానికి పట్టుకోవడం బ్రహ్మవిద్యేం కాదు. ఉప్పునీళ్లు కలిసేచోట అడుగున చేరేది చాలావరకు బురద, మెత్తటి ఒండ్రు. బిల్డర్లకు కావాల్సింది ఉప్పు తగలని దొడ్డు ఇసుక. ఓడల దారి వదిలేసి డ్రెడ్జరు (పూడిక తీసే ఓడ) ఎగువన ఇసుక మేట దగ్గర లంగరు వేసిందంటే, ఎవరి కోసం తవ్వుతోందో వేరే చెప్పాలా? పైగా పనికి ముందు ఓసారి, అయ్యాక ఓసారి పడవ మీంచి, శబ్దాన్ని పంపి లోతు కొలిచే ఎకోసౌండర్‌తో నది అడుగు ఎంత లోతుందో కొలిచి పటం గీస్తారు. కాంట్రాక్టరుకు బిల్లు చేసేది మామూలుగా ఆ రెండు పటాల తేడా చూసే. అంటే లెక్క ఉంది, బయటికి రాదంతే.

ఆ పటాలు లేక కోర్టులో జరిగేదేమిటి? పిటిషన్ వేసినవాళ్లు ఫోన్లో తీసిన ఫొటోలు చూపిస్తారు. అవతలివాళ్లు అఫిడవిట్ వేస్తారు. న్యాయస్థానం కమిటీని పంపిస్తుంది. కమిటీ వచ్చేలోపు వరదొచ్చి గుంటలు పూడిపోతాయి. ఇక వాళ్లు మాత్రం ఏం చూస్తారు పాపం! ఇసుక తవ్వకాలపై నిఘాకు డ్రోన్లు వాడమని కేంద్రం 2020 మార్గదర్శకాల్లో చెప్పింది. మంచిదే కానీ, డ్రోన్‌కు నీటి అడుగున గుంట కనపడదు.

ఆ గుంట ఉన్నచోటే ఉండదు. కోత ఎగువకు పాకుతుంది, గట్లు జారతాయి, ఉప్పునీరు పైకి ఎగదన్నుతుంది. పోర్చుగల్‌లో 2001 మార్చిలో డౌరో నదిపై వంతెన కూలి 59 మంది చనిపోయారు. ఏళ్ల తరబడి సాగిన ఇసుక తవ్వకాల వల్ల పిల్లరు పునాది దగ్గర నేల కోసుకుపోయిందని విచారణలో తేలింది.

అలాగని నేను నిషేధం కోరడం లేదు. చైనాలో యాంగ్జీ నదిలో తవ్వకాలు ఆపితే డ్రెడ్జర్లు పోయాంగ్ సరస్సు మీద పడ్డాయి. నేను అడిగేది లెక్కలు. ముందూ వెనకా తీసిన లోతు పటాలు, డ్రెడ్జరు జీపీఎస్ ట్రాక్, తీసిన సరుకు ఎన్ని ఘనపు మీటర్లు, ఎక్కడ పోశారు, ఎవరికి ఎంతకు అమ్మారు అన్న వివరాలు పని నడుస్తుండగానే రేవు వెబ్‌సైట్‌లో పెట్టాలి. అమ్మిన ప్రతి టన్నుకూ సీనరేజి వసూలు చేయాలి. ఇసుక అమ్మిన డబ్బును కాంట్రాక్టరు కూలి కింద సర్దుబాటు చేసే ఒప్పందాలు మానెయ్యాలి. ఎంత తవ్వితే అంత లాభమని రాసిచ్చి, హద్దు దాటొద్దంటే ఎవరు వింటారు?

- ఒక పాఠకుడు