మనిషి కావాలంటే తొమ్మిది

ఒరేయ్ సూర్యం,

జవాబు రాయలేదని తిట్టుకోకు. తొమ్మిది రోజులుగా ఒక మిషన్‌తో మాట్లాడుతున్నాను.

దానవాయిపేటలో ఏటీఎంకి వెళ్లి పదివేలు కొట్టాను. లోపల నోట్లు టకటకా లెక్కపెట్టిన చప్పుడు వినిపించింది. నోటు ఒక్కటి బయటికి రాలేదు. పదివేలు కట్ అయినట్టు మెసేజ్ మాత్రం ఠంచనుగా వచ్చింది. మర్నాడు బ్రాంచికి పోతే కౌంటర్లో కుర్రాడు తలెత్తకుండానే "టోల్ ఫ్రీకి చేయండి సార్" అన్నాడు.

చేశాను. తెలుగుకి నాలుగు నొక్కమంది. నొక్కుదామని చెవి దగ్గర్నించి ఫోన్ తీస్తే తెరంతా నలుపు. అది వెలిగి, అంకెలు ఎక్కడున్నాయో వెతుక్కునేసరికి "క్షమించండి, మీరు ఎటువంటి ఎంపికా చేయలేదు" అని మళ్లీ మొదటికొచ్చింది. ఈసారి స్పీకర్ పెట్టి, బల్ల మీద ఫోను, చేతిలో కార్డు, ముక్కు మీద కళ్లజోడుతో పరీక్ష రాసేవాడిలా కూర్చున్నాను. పదహారంకెలూ కొట్టాక "మీ సమస్యను క్లుప్తంగా చెప్పండి" అంది. "డబ్బులు రాలేదు" అన్నాను. "మీరు పర్సనల్ లోన్ గురించి అడుగుతున్నారు. అవును అయితే ఒకటి నొక్కండి" అంది! వంటింట్లోంచి మీ చెల్లెలు ఒకటే నవ్వు.

మనిషితో మాట్లాడాలంటే తొమ్మిది. ఆ ముక్క అన్నిటికన్నా చివర్న చెబుతారు. ఆ తర్వాత వేణునాదం, మధ్యమధ్యలో "మీ కాల్ మాకెంతో విలువైనది". ఇరవై రెండు నిమిషాలు విన్నాన్రా. ఒకమ్మాయి ఎత్తి, పేరూ పుట్టినతేదీ అడిగి, "ఒక్క నిమిషం సార్" అంది. కట్. వెంటనే మెసేజ్, వాళ్ల సేవకి అయిదుకి ఎన్ని మార్కులేస్తానని.

మా వీధిలో రిటైరైన బ్యాంకాయన చెప్పాడు అసలు సంగతి. రిజర్వ్ బ్యాంకు 2019లోనే రూలు పెట్టింది. ఏటీఎంలో డబ్బు రాకుండా అకౌంట్లో కట్ అయితే, ఆ రోజు తీసేసి 5 రోజుల్లోగా మనం అడక్కుండానే వెనక్కి వేయాలి. ఆపైన రోజుకి 100 రూపాయల పరిహారం. బ్యాంకు 30 రోజుల్లో తేల్చకపోతే అంబుడ్స్‌మన్‌కి, అంటే బ్యాంకుల మీద ఫిర్యాదులు వినే రిజర్వ్ బ్యాంకు అధికారికి, ఫిర్యాదు చేసుకోవచ్చు. ఇవేవీ ఆ మిషన్ చెప్పదు. కాగితం మీద రాసి బ్రాంచిలో ఇచ్చి, నకలు మీద ముద్ర వేయించుకున్నాను. ఇవాళ్టికి వాళ్లే నాకు 400 అదనంగా బాకీ.

అన్నట్టు, కస్టమర్ కేర్ నంబరు గూగుల్లో వెతికి చేయకు. దొంగ నంబర్లు పెట్టుకుని కూర్చుంటారు. కార్డు వెనకాల ఉన్నదానికే చెయ్యి.

ఇది రాస్తుండగానే ఫోన్ మోగింది, లోన్ ఇస్తామని. ఏ అంకే నొక్కకుండానే సాక్షాత్తూ మనిషి! నా పదివేల సంగతి అడిగాను. "అది మా డిపార్ట్‌మెంట్ కాదు సార్, టోల్ ఫ్రీకి చేయండి" అంది.

పండక్కి వస్తున్నావో లేదో రాయి. ఫోన్ మాత్రం చేయకు, కొన్నాళ్లు.

నీ
రాజు