ఆంథొనీ శాంప్సన్ పుస్తకాలు తెలుగులో రావాలి

సంపాదకులకు,

అయ్యా,

బ్రిటన్ గురించి తెలుగు పత్రికల్లో వచ్చే వార్తలు ఎక్కువగా వీసాలు, ఎన్నికలు, రాజకుటుంబం చుట్టూనే తిరుగుతుంటాయి. తెలుగు మాధ్యమంలో రాజనీతిశాస్త్రం చదివే విద్యార్థికి ఆ దేశం పార్లమెంటు సార్వభౌమత్వం, సంప్రదాయాలు, సమన్యాయ పాలన అనే శీర్షికల కింద పరిచయమవుతుంది. అక్కడ అధికారం నిజంగా ఎవరి చేతుల్లో ఉందన్న ప్రశ్నకు వార్తల్లోనూ, పాఠాల్లోనూ జవాబు దొరకదు. ఆ జవాబు కోసం నాలుగు దశాబ్దాలకు పైగా వెతికిన పాత్రికేయుడు ఆంథొనీ శాంప్సన్ పుస్తకాలు తెలుగులోకి రావాలని, అందుకు మీ పత్రిక చొరవ చూపాలని కోరుతున్నాను.

శాంప్సన్ 1950ల తొలినాళ్లలో జొహానెస్‌బర్గ్‌లో నల్లజాతి పాఠకుల కోసం వెలువడే ‘డ్రమ్’ పత్రికకు సంపాదకుడిగా పనిచేసి, లండన్ తిరిగి వచ్చి ‘అబ్జర్వర్’ వారపత్రికలో చేరారు. పరాయి సమాజాన్ని గమనించిన అలవాటుతోనే సొంత దేశాన్నీ పరిశీలించి 1962లో ‘అనాటమీ ఆఫ్ బ్రిటన్’ ప్రచురించారు. ప్రభువుల కుటుంబాలు, క్లబ్బులు, ఆర్థిక శాఖ అధికారులు, బ్యాంకులు, బీమా కంపెనీలు, పత్రికాధిపతులు, కార్మిక సంఘాలు, ఇలా ఒక్కో వ్యవస్థ లోపలికీ వెళ్లి, దాన్ని నడిపేవారితో మాట్లాడి రాసిన పుస్తకమది. అప్పటి ప్రధాని హెరాల్డ్ మాక్మిలన్ డెవన్‌షైర్ డ్యూక్ ఇంటి అల్లుడు. 1955 నుంచి 1964 వరకు వరుసగా ప్రధానులైన ఈడెన్, మాక్మిలన్, డగ్లస్ హ్యూమ్ ముగ్గురూ సంపన్న కుటుంబాల పిల్లలు చదివే ఈటన్ పాఠశాలలో చదివినవారే. మంత్రిమండలి మీద పాఠం ఎంత శ్రద్ధగా చదివినా విద్యార్థికి ఈ చుట్టరికాలు, ఈ స్నేహాలు తెలిసే వీలు లేదు.

నన్ను ఎక్కువగా ఆకట్టుకున్నది ఆయన పట్టుదల. అదే పరిశీలనను 1965, 1971, 1982, 1992లలో మళ్లీ మళ్లీ చేసి, 2004లో ‘హూ రన్స్ దిస్ ప్లేస్?’తో ముగించారు. ఆ ఏడాది చివరలోనే కన్నుమూశారు. దేశాన్ని ఏలే ఒకే ఒక్క వర్గం లేదని, వేర్వేరు బృందాలు అంచుల్లో మాత్రమే కలుస్తాయని 1962లో చెప్పిన మనిషి, చివరి పుస్తకానికి వచ్చేసరికి పార్లమెంటు బలహీనపడిందని, ప్రధాని కార్యాలయం, మీడియా యజమానులు, ధనవంతులు బలపడ్డారని తేల్చారు. ఒకే రచయిత ఒకే దేశాన్ని ఇంతకాలం విడవకుండా చూడటం అరుదు.

మనల్ని ఏలి వెళ్లినవారి ఇంటి సంగతులు మనకెందుకని కొందరు అడగవచ్చు. మన రాజ్యాంగ ముసాయిదాను 1948 నవంబరు 4న ప్రవేశపెడుతూ డాక్టర్ అంబేద్కర్ అమెరికా, బ్రిటన్ పద్ధతులను పోల్చి, అమెరికా పద్ధతి ఇచ్చే స్థిరత్వం కన్నా బ్రిటన్ పద్ధతి ఇచ్చే జవాబుదారీతనానికే ముసాయిదా పెద్దపీట వేసిందని వివరించారు. ఆ జవాబుదారీతనం దాని పుట్టింట్లోనే ఎలా సన్నగిల్లిందో తెలుసుకోవడం మనకు అనవసరమైన విషయం కాదు. పైగా బ్రిటన్‌లో సుప్రీంకోర్టు 2009లోనే ఏర్పడినా, ప్రభువుల సభే అత్యున్నత న్యాయస్థానమని చెప్పే నోట్సు పోటీ పరీక్షల అభ్యర్థుల చేతుల్లో ఇప్పటికీ కనిపిస్తోంది. ఇది చూస్తే ఎంతో బాధ కలుగుతుంది.

తెలుగు అకాడమీ గానీ, విశ్వవిద్యాలయాల అనువాద విభాగాలు గానీ మొదట 2004 నాటి పుస్తకాన్ని అనుమతులు తీసుకుని తెనిగించాలి. యూరోపియన్ యూనియన్ నుంచి వైదొలగడంపై 2016లో జరిగిన ప్రజాభిప్రాయ సేకరణ, పార్లమెంటును నిలిపివేయడం చెల్లదంటూ 2019 సెప్టెంబరులో అక్కడి సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు వంటి పరిణామాలను అనుబంధంగా రాయించాలి. మీ ఆదివారం అనుబంధంలో ఈ పుస్తకాల పరిచయాన్ని కొన్ని వారాలపాటు ధారావాహికగా వేస్తే ప్రచురణకర్తలకు ధైర్యం వస్తుంది. ఇంటి పన్నుతో పాటు మేము కట్టే గ్రంథాలయ సెస్సులో కొంత భాగంతో ప్రతి జిల్లా కేంద్ర గ్రంథాలయమూ ఇలాంటి పుస్తకాలను కొనేలా ఉభయ రాష్ట్రాల గ్రంథాలయ సంస్థలు ఆదేశాలివ్వాలి.

ఇట్లు,
విశ్రాంత రాజనీతిశాస్త్ర అధ్యాపకుడు,
రాజమహేంద్రవరం